కలలు తినే పురుగు సంగతి సరే, ఆ నాలుక పుండు మాటేమిటి?

ప్రశ్న: నా వయసు 36. ఇదివరకు రోజూ కలలు వచ్చేవి, పొద్దున్నే పూసగుచ్చినట్టు చెప్పేవాణ్ని. నాలుగైదు నెలలుగా ఒక్కటీ గుర్తుండటం లేదు. నిన్న ఎవరితో ఏం మాట్లాడానో కూడా మర్చిపోతున్నాను. తలలో ఏదో పాకుతున్నట్టు ఉంటోంది. కలల్నీ జ్ఞాపకాల్నీ తిని బతికే పరాన్నజీవి ఒకటుందని, నిద్రలో చెవిలోంచి మెదడుకు చేరుతుందని ఒక వీడియోలో చూశాను. మూడు వారాలుగా రోజూ నులిపురుగుల మాత్ర ఆల్బెండజోల్ 400 మి.గ్రా. వేసుకుంటున్నా తగ్గలేదు. డోసు పెంచాలా? నిద్ర కోసం ఏడాదిగా ఆల్ప్రజోలం వాడుతున్నాను, అయిపోతే మళ్లీ తెచ్చుకునేదాకా రెండు మూడు రోజులు మానేస్తాను. అప్పుడప్పుడూ పొద్దున లేచేసరికి ఒళ్లంతా నొప్పులు, నాలుక పక్కన కొరుక్కున్న పుండు ఉంటున్నాయి. అదీ ఆ పురుగు పనేనా?

సమాధానం: డోసు పెంచడం కాదు, ఆల్బెండజోల్ ఈ రోజే ఆపేయండి. ఆల్ప్రజోలం మాత్రం మీ అంతట మీరు ఆపొద్దు, ఎందుకో కింద చెబుతాను.

మీ ఉత్తరంలో అన్నిటికన్నా నన్ను కంగారు పెట్టింది మీరు చివర్లో చెప్పిన మాట. నాలుక పక్క కొరుక్కుని ఉండటం, ఏ పనీ చేయకపోయినా లేవగానే ఒళ్లు హూనమైనట్టు ఉండటం, ఆ ముందు రాత్రి గురించి ఏమీ గుర్తులేకపోవడం, ఈ మూడూ కలిసి వస్తే మేం ముందు అనుమానించేది నిద్రలో వచ్చే ఫిట్స్‌ని. అదే అని ఉత్తరం చదివి తేల్చలేను, పళ్లు కొరికే అలవాటున్నా నాలుక కొరుక్కోవచ్చు. కానీ ఫిట్స్ కాదని పరీక్షల్లో తేలేదాకా ఫిట్స్ కిందే లెక్క. నిద్రలో వస్తే వచ్చినవాళ్లకి తెలియదు, పక్కన పడుకున్నవాళ్లు చెప్పాలి. రాత్రిపూట బిగుసుకుపోయారా, కొట్టుకున్నారా, పక్క తడిసిందా, నోట్లో నురగ కనిపించిందా, ఇంట్లో అడగండి.

ఇక ఆల్ప్రజోలం. ఏడాది పాటు వాడిన మనిషి దాన్ని టక్కున మానేస్తే, ఆ రెండు మూడు రోజుల్లోనే ఫిట్స్ వచ్చే ప్రమాదం ఉంది. మీ నాలుక పుండ్లు మాత్రలు అయిపోయిన రోజుల్లోనే కనిపిస్తున్నాయా? క్యాలెండర్ ముందు పెట్టుకుని చూడండి, డాక్టర్‌కి అది చాలా పనికొచ్చే సమాచారం. ఈ మందు మతిమరుపూ తెస్తుంది, కలలు ఎక్కువగా వచ్చే నిద్ర దశనీ తగ్గిస్తుంది. అంటే మీరు పురుగు మీద వేసిన నేరాలు రెండూ ఈ చిన్న మాత్ర చేయగలిగినవే. దీన్ని వారాల తరబడి కొంచెం కొంచెంగా తగ్గించాలి, అదీ డాక్టర్ చూస్తుండగా.

మరి పురుగు? కలలు తినే పురుగు లేదండీ. కొంకి పురుగు రక్తం తాగుతుంది, ఏలికపాము పేగులో మన తిండి తింటుంది, దేనికైనా తినడానికి ఒక పదార్థం ఉండాలి కదా. జ్ఞాపకం అలా ఓ మూల దాచిపెట్టిన పదార్థం కాదు, నరకణాల మధ్య కనెక్షన్లలో ఉంటుంది. పైగా మెదడుకి స్పర్శ తెలియదు, లోపల నిజంగా ఏదైనా కదిలినా మీకు పాకినట్టు అనిపించదు. ఆ పాకుడు మాడు చర్మానిదో, మెడ కండరాలదో, టెన్షన్‌దో అయి ఉండొచ్చు, ఆల్ప్రజోలం మానిన రోజుల్లోనూ ఇలా అనిపించవచ్చు. ఇంత చెప్పినా పురుగు ఉందనే నమ్మకం వదలకపోతే ఆ మాట కూడా సిగ్గుపడకుండా డాక్టర్‌కి చెప్పండి. దానికీ వైద్యం ఉంది.

అయితే మెదడులోకి వెళ్లే పురుగే లేదని అనను. పంది బద్దెపురుగు గుడ్లు, సోకిన మనిషి మలం నుంచి కడుక్కోని చేతుల ద్వారా, కలుషితమైన నీళ్ల ద్వారా కడుపులోకి వెళ్తే, వాటి లార్వాలు మెదడులో తిత్తులు కట్టవచ్చు. పంది మాంసం ముట్టనివాళ్లకీ వస్తుంది. న్యూరోసిస్టిసర్కోసిస్ అంటారు, దీని ముఖ్య లక్షణం ఫిట్స్. ఇప్పుడు అర్థమైందా మిమ్మల్ని ఎందుకు కోప్పడుతున్నానో? దీనికి వాడే మందుల్లో ఆల్బెండజోల్ ఒకటి, కానీ తిత్తి చచ్చేటప్పుడు చుట్టూ మెదడు వాస్తుంది, అందుకే ముందు స్కాన్ తీసి, కంట్లో తిత్తులున్నాయేమో చూసి, వాపు తగ్గడానికి స్టెరాయిడ్ కలిపి ఇస్తాం. మీరు ఇవేవీ లేకుండా మూడు వారాలు మింగారు. నులిపురుగులకి మామూలుగా ఒక్క మాత్ర సరిపోతుంది. రోజూ వేసుకుంటూ పోతే లివర్ దెబ్బతినొచ్చు, రక్తకణాలు పడిపోవచ్చు. ‘నులిపురుగుల మాత్రే కదా, ఏం చేస్తుందిలే’ అనే మాట నా దగ్గర చాలామంది అంటారు, వింటే నాకు ఒళ్లు మండుతుంది. మందుల షాపులో అడగగానే ఇచ్చారంటే అది మీకు మంచిదని కాదు, అమ్మారని మాత్రమే.

కల గుర్తులేకపోవడం మాత్రం జబ్బు కాదు. కలలు వచ్చే నిద్ర దశ మధ్యలో మెలకువ వస్తే గుర్తుంటుంది, లేకపోతే పోతుంది. దాన్ని పక్కన పెట్టేయండి.

ఈ వారంలోనే న్యూరాలజిస్ట్‌ని, అంటే మెదడు, నరాల డాక్టర్‌ని కలవండి. ఈఈజీ (మెదడు విద్యుత్ తరంగాల పరీక్ష), ఎంఆర్ఐ స్కాన్ అవసరమా అన్నది చూసి ఆయన చెబుతారు. లివర్ పరీక్ష, రక్తకణాల లెక్క, బి12, థైరాయిడ్, షుగర్ కూడా చూడాల్సి ఉంటుంది. గురక ఉంటే అదీ చెప్పండి, నిద్రలో ఊపిరి ఆగుతున్నా మతిమరుపు వస్తుంది. అప్పటిదాకా బండి నడపొద్దు, ఎత్తులు ఎక్కొద్దు, ఒంటరిగా ఈతకి దిగొద్దు. రాత్రి ఫిట్స్ వస్తే పక్కకి తిప్పి పడుకోబెట్టమని, నోట్లో చెంచా లాంటివేవీ పెట్టొద్దని ఇంట్లోవాళ్లకి చెప్పండి. వీలైతే ఫోన్‌లో వీడియో తీయమనండి. 5 నిమిషాలు దాటినా, తెలివి రాకముందే మళ్లీ వచ్చినా నేరుగా ఎమర్జెన్సీకే. వెళ్లేటప్పుడు మీరు వాడిన మాత్రల స్ట్రిప్‌లన్నీ, ఖాళీవైనా సరే, వెంట తీసుకెళ్లండి.