స్లాబ్ పడితే కూల్చరన్న మాట నమ్మి అప్పు చేయకండి

పరకాల దగ్గరి ఒక ఊరి నుంచి పాఠకుడొకరు ఇలా రాశారు: "రెండేళ్ల కింద ఊరి చెరువు పక్కన 200 గజాల జాగ సాదాబైనామా (రిజిస్ట్రేషన్ లేని తెల్లకాగితం) మీద 5 లక్షలకు కొన్న. ఇంకో 4 లక్షలు పెట్టి గోడలు లేపిన. అది శిఖం (చెరువు నీళ్లు నిలిచే) భూమి, ఆక్రమణ అని ఇప్పుడు తహసీల్దార్ ఆఫీసు నుంచి నోటీసు వచ్చింది. స్లాబ్ పడితే ఎవరూ కూల్చరు, తొందరగా పోయమంటున్నరు పక్కోళ్లు. నూటికి రెండు రూపాయల మిత్తికి 4 లక్షలు దొరుకుతున్నయి. బిడ్డ చదువుకని పెట్టిన 6 లక్షల ఎఫ్‌డీ ఉంది. అప్పు తేవాల్నా, ఎఫ్‌డీ తీయాల్నా? లేదంటే ఎవరికన్నా తగ్గించి అమ్మాల్నా?"

అన్నా, ఆ స్లాబ్ పోయకండి. అప్పూ వద్దు, ఎఫ్‌డీ ముట్టనే వద్దు.

మీ పక్కవాళ్లు చెప్పే ధైర్యానికి చట్టంలో ఆధారం లేదు. 2011 జనవరిలో జగ్‌పాల్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ముందుకొచ్చింది పంజాబ్‌లోని ఒక ఊరి చెరువు జాగే. ఏళ్ల తరబడి ఉంటున్నామన్నా, కట్టడానికి ఎంతో ఖర్చు పెట్టామన్నా అది ఆక్రమణను సక్రమం చేయడానికి కారణం కాదని కోర్టు తేల్చింది. ఊరి ఉమ్మడి భూముల్లో ఆక్రమణలు తొలగించి పంచాయతీకి అప్పగించాలని అన్ని రాష్ట్రాలకూ చెప్పింది. ఇంటిపన్ను రసీదు, కరెంటు మీటరు ఉన్నా హక్కు రాదు. రిజిస్ట్రేషన్ లేని తెల్లకాగితంతో బ్యాంకు లోనూ రాదు. మీకు రెండు రూపాయల మిత్తి అప్పే దిక్కయింది అందుకే. 4 లక్షలకు నెలకు 8,000, ఏడాదికి 96,000 మిత్తి. కేసు మూడేళ్లు నడిస్తే 2,88,000 మిత్తికే పోతుంది, అసలు అట్లనే ఉంటుంది.

ఇప్పుడు ఖర్చు పెట్టాల్సింది కాగితాల మీద. నోటీసులో రాసిన గడువులోపు వకీలు చేత రాతపూర్వకంగా జవాబు ఇప్పించండి, రసీదు తీసుకోండి. ఊరుకుంటే మీ మాట వినకుండానే ఉత్తర్వు వస్తుంది. అదే సమయంలో ఆ సర్వే నంబరు సేత్వార్ (మొదటి సర్వే రికార్డు), 1954-55 ఖాస్రా పహాణీ (భూమి ఎవరిదో, ఎవరి సాగులో ఉందో రాసిన పాత రికార్డు), ఊరి నక్ష నకళ్లు తీయించండి. నిషేధిత భూముల జాబితాలో ఆ నంబరు ఉందో లేదో చూడండి. చెరువు ఎఫ్‌టీఎల్ (చెరువు పూర్తిగా నిండినప్పుడు నీళ్లు నిలిచే మట్టం) హద్దు ఎక్కడిదాకా ఉందో నీటిపారుదల శాఖను అడగండి. కొన్ని చోట్ల శిఖం పట్టాలు ఉంటాయి, అమ్మినాయన అదే చూపించి ఉండొచ్చు. పట్టా ఉన్నా ఎఫ్‌టీఎల్ లోపల ఇల్లు కట్టడానికి అనుమతి ఉండదు.

రికార్డులో అది పట్టా భూమే, హద్దు బయటే ఉందని తేలితే గట్టిగా కొట్లాడండి. సర్వే, వకీలు ఖర్చులకు ముందే ఒక హద్దు పెట్టుకోండి, నెల సంపాదనలోంచి మిగిలేదే వాడండి. శిఖమని తేలితే మాత్రం పై కోర్టుకు పోయి డబ్బు పోగొట్టుకోకండి. ఆ నీళ్ల కింద మీ ఊరి ఆయకట్టే పారుతుంది. మీరు మోసపోయిన మాట నిజమే, కానీ ఆ నష్టం వసూలు కావాల్సింది చెరువు దగ్గర కాదు, అమ్మినాయన దగ్గర.

ఆయనకు లీగల్ నోటీసు ఇప్పించండి. సాదాబైనామా అసలు, సాక్షుల పేర్లు, డబ్బు ఇచ్చిన బ్యాంకు స్టేట్‌మెంట్ ఒక చోట పెట్టండి. డబ్బు వసూలు దావాలకు మామూలుగా మూడేళ్ల గడువు. మీకు రెండేళ్లు అయిపోయాయి, గడువు ఎప్పటి నుంచి లెక్కకొస్తుందో ఈ వారమే వకీలును అడగండి. పెద్దమనుషుల్లో కూర్చుని ఆయన 5 లక్షల్లో మూడో నాలుగో ఇస్తానంటే ఒప్పుకోవడం గురించి ఆలోచించండి. ఏదైనా కాగితం మీద, డబ్బు బ్యాంకు ద్వారా.

ఇక తగ్గించి అమ్మడం. నోటీసు వచ్చిన సంగతి దాచి అమ్మితే రేపు మీ మీద మోసం కేసు అవుతుంది, చెప్పి అమ్మితే కొనేవాడు ఉండడు. అమ్మకండి.