సమురాయ్ మధ్యాహ్న భోజనం

తమ్ముడికి,

నీ ఉత్తరం, దాంతోపాటు పంపిన స్క్రిప్టు అందాయి. స్క్రిప్టు రెండుసార్లు చదివాను, ఉత్తరం మూడుసార్లు. ఎనిమిది నెలలు ఒక్కడివే కూర్చుని రాసుకున్న కథ మీద నిర్మాత మరో ఇద్దరిని కూర్చోబెట్టాడని, ఇక అది ఎవరి కథో తెలియకుండా పోతోందని రాశావు. ఆ బాధ నాకు కొత్త కాదు. నా రెండో సినిమాకు మా అమ్మను హాలుకు తీసుకెళ్లాను. "కథా సహకారం" కింద తొమ్మిదో పేరు నాది. ఆవిడకు చదువు రాదు కాబట్టి పరువు దక్కింది.

పేరు సంగతి రాతకోతల్లో తేల్చుకో. ఒప్పందం మీద సంతకం పెట్టించుకో, రచయితల సంఘంలో కథ నమోదు చేయించుకో. దాని గురించి ఇంతకంటే చెప్పను. నీ ఉత్తరంలో నన్ను కలవరపెట్టింది వేరే వాక్యం: "ఇకమీదట ఒంటరిగా రాయను సార్, మొదటి రోజు నుంచే అందరితో కూర్చుని రాస్తాను, ఏ గొడవా ఉండదు." ఆ వాక్యం కోసమే ఇంత పొడుగు ఉత్తరం.

షినోబు హషిమోతో పేరు విన్నావో లేదో. జపాన్ దర్శకుడు కురొసావా పేరు అందరికీ తెలుసు, ఆయన పక్కన కూర్చుని రాసినవాళ్ల పేర్లు ఎవరికీ పట్టవు. 1918లో పుట్టాడు, నూరేళ్లు బతికి 2018లో పోయాడు. డెబ్భైకి పైగా స్క్రిప్టులు రాశాడు. సైన్యంలో చేరగానే క్షయ పట్టుకుంది. నాలుగేళ్లు శానిటోరియంలో మంచం మీద గడిపాడు. అక్కడ పక్క మంచం రోగి చదవమని ఒక సినిమా పత్రిక ఇచ్చాడు. అందులో అచ్చయిన స్క్రిప్టు చదివి, ఇంతేనా, ఇది నేనూ రాయగలను అనుకున్నాడు. మనందరం అలా అనుకునే వచ్చాం కదా. జపాన్‌లో అందరికంటే గొప్పగా రాసేది ఎవరని అడిగితే మన్సాకు ఇతామి అని చెప్పారట. తను రాసింది తీసుకెళ్లి నేరుగా ఆయనకే పోస్టు చేశాడు. ఆ పెద్దాయన చదివి, లోపాలన్నీ విప్పి చెబుతూ జవాబు రాశాడు. 1946లో ఇతామి పోయేదాకా ఆ శిష్యరికం సాగింది. ఆ రోజుల్లో హషిమోతో ఒక కంపెనీలో లెక్కలు చూసే గుమస్తా. ఉద్యోగానికి వెళ్లి వచ్చే రైల్లో రాసుకునేవాడు.

అలా రాసుకున్న వాటిలో ఒకటి జపాన్ రచయిత అకుతగావా కథకు చేసిన స్క్రీన్‌ప్లే. అడవిలో ఒక హత్య, దాని మీద తలో సాక్ష్యం. అది చేతులు మారి కురొసావా దగ్గరికి చేరింది. బాగుంది గానీ నిడివి చాలదన్నాడు ఆయన. అదే రచయిత రాసిన "రషోమాన్" అనే మరో కథను కూడా కలిపితే, అని హషిమోతో నోటికొచ్చింది అనేశాడు. తీరా ఇంటికెళ్లి కలపబోతే అతకలేదు, పైగా నడుం పట్టేసి మంచమెక్కాడు. దాన్ని ఒక దారికి తెచ్చింది కురొసావా. 1950లో "రషోమాన్" పేరుతోనే సినిమా వచ్చింది, మరుసటి ఏడు వెనిస్ చిత్రోత్సవంలో గోల్డెన్ లయన్ గెలిచింది. నీలాగే ఆలోచించే మనిషైతే, నా కథను పెద్ద దర్శకుడు తిరగరాసేశాడని కుమిలిపోయి గుమస్తాగిరీకే వెళ్లిపోయేవాడు.

ఆ తర్వాత వాళ్లకొక పద్ధతి కుదిరింది. కురొసావా ఒక చిన్న ఊహ ఇస్తాడు. "ఇకిరు" సినిమాకు ఇచ్చింది ఒక్క ముక్కే: డెబ్భై అయిదు రోజుల్లో చచ్చిపోయే మనిషి. అతను మునిసిపల్ ఆఫీసులో గుమాస్తాల మీద పెద్ద అని, ముప్ఫై ఏళ్లుగా కుర్చీని అంటిపెట్టుకుని ఏమీ చేయనివాడని కనిపెట్టింది హషిమోతో. మొదటి వెర్షన్ అతనొక్కడే రాశాడు. ఆ తర్వాతే ముగ్గురూ ఒక సత్రంలో బల్ల చుట్టూ కూర్చున్నారు. మూడోవాడు హిదియో ఒగుని, వయసులో మిగతా ఇద్దరికంటే పెద్ద. ఆయన ఆలస్యంగా వచ్చి, అప్పటిదాకా వాళ్లు తిరగరాసిన పేజీలు చదివి, కథానాయకుణ్ణి సగంలోనే చంపేయాలన్నాడు. కురొసావాకు మండింది. అయినా ఆ పేజీలన్నీ చెత్తబుట్టకే పోయాయి. ఆ సినిమా చూడు. మనిషి పోయాక సంతాపానికి చేరిన ఆఫీసువాళ్లు సాకే అనే బియ్యపు సారా తాగుతూ, వాడు పార్కు కట్టించాడా లేదా అని వాదించుకుంటారు. ఆ చావు సగంలో రాకపోతే ఆ వాదనకు చోటే లేదు.

ఇప్పుడు అసలు సంగతికి వస్తాను. "సెవెన్ సమురాయ్" మొదట ఏడుగురి కథ కాదు. ఒక సమురాయ్, అంటే ప్రభువు కొలువులో ఉండే కత్తియోధుడు, అతని జీవితంలో ఒకే ఒక్క రోజు. పొద్దున లేస్తాడు, కోటలో కొలువుకు వెళ్తాడు, ఏదో పొరపాటు జరుగుతుంది, సాయంత్రానికి ఇల్లు చేరి కడుపు కోసుకుంటాడు. ఎంత చక్కటి కథ! హషిమోతో గ్రంథాలయంలో కూర్చుని ఆ రోజును గంటగంటకూ తవ్వాడు. ఒక్కచోట ఆగిపోయాడు. మధ్యాహ్నం ఆ సమురాయ్ ఏం తిన్నాడు? ఇంటి నుంచి తెచ్చుకున్నాడా, కోటలో పెట్టారా, అసలు ఆ కాలంలో రోజుకు తినేది రెండు పూటలా మూడు పూటలా? ఎంత వెతికినా నికరంగా తేలలేదు. భోజనం తెలియనివాడి రోజును నేను రాయలేనని చేతులెత్తేశాడు. కురొసావా కోప్పడ్డాడు, అతను మాత్రం రాయలేదు.

దాని తర్వాత పేరుమోసిన కత్తియోధుల కథలు వరసగా కూర్చి ఇంకో స్క్రిప్టు రాశాడు. అదీ పోయింది. అన్నీ పతాక సన్నివేశాలే అయితే సినిమా నిలబడదని తేలింది. మన ఊళ్లో ఇప్పటికీ తేలలేదనుకో. మూడోసారి వాళ్లకొక ప్రశ్న తగిలింది: కత్తివిద్య కోసం దేశం తిరిగే యోధుడి దగ్గర డబ్బుండదు కదా, మరి తిండి ఎక్కడిది? నిర్మాత వాకబు చేసి జవాబు తెచ్చాడు. పల్లెలో రాత్రంతా దొంగలు రాకుండా కాపలా కాస్తే రైతులు అన్నం పెట్టి పడుకోనిచ్చేవారట. ఆ ఒక్క ముక్కతో కథ దొరికిపోయింది. చూశావా, మొదటి కథను ఆపేసిందీ తిండే, చివరి కథను ఇచ్చిందీ తిండే.

దానికీ మొదటి వెర్షన్ హషిమోతో ఒక్కడే రాశాడు. ఆ తర్వాత అతామి అనే ఊళ్లో సత్రం గది. పొద్దున పది నుంచి సాయంత్రం అయిదు దాకా, ఒకే సీను హషిమోతో రాస్తాడు, కురొసావా రాస్తాడు. ఒగుని కలం పట్టడు. ఒక పక్కన కూర్చుని ఏదో ఇంగ్లీషు పుస్తకం చదువుకుంటూ ఉంటాడు. వీళ్లు రాసింది చేతికిస్తే చూసి, ఉంచాలో కొట్టేయాలో చెబుతాడు. మన సిట్టింగుల్లో కూడా పుస్తకం చదువుకునేవాళ్లు ఉంటారు, కానీ వాళ్లను ఎవరూ ఏమీ అడగరు.

"సెవెన్ సమురాయ్" 1954లో వచ్చింది. ఆ వెంటనే వాళ్లు పద్ధతి మార్చారు. ఒకడు ముందు రాయడం దేనికి, అందరం కూర్చుని ఒకేసారి ఆఖరి వెర్షన్ రాసేద్దాం అనుకున్నారు. సరిగ్గా నువ్వు అన్న మాటే. 1955లో అణుబాంబు భయంతో బ్రెజిల్ పారిపోదామనే ముసలాయన కథ అలాగే తయారైంది. డబ్బులు రాలేదు. హషిమోతో తన జ్ఞాపకాల పుస్తకంలో ఆ పొరపాటును దాచుకోలేదు. బలం పోయింది ఆ పద్ధతి వల్లేనని ఆయన లెక్క. ఆ తరహాలో వచ్చిన "త్రోన్ ఆఫ్ బ్లడ్" నాకు చాలా ఇష్టం, కాబట్టి ఆయన లెక్కను పూర్తిగా ఒప్పుకోను. అయినా నా ముప్ఫై ఏళ్ల సిట్టింగుల్లో చూసింది కూడా అదే. ఒక్కడు రాసినప్పుడు ఏ భోజనం దగ్గర ఆగాలో వాడికి తెలుస్తుంది. నలుగురు కలిసి మొదలుపెట్టినప్పుడు, ఆ సంగతి పక్కవాడు చూసుకుని ఉంటాడులే అని నలుగురూ అనుకుంటారు.

నీ స్క్రిప్టు 61వ పేజీ తీయి. తణుకు రైసుమిల్లు గుమస్తా రాత్రి ఇనప్పెట్టె తెరిచి రెండు లక్షలు తీసుకుని పారిపోతాడు. తాళం అతని దగ్గర ఎందుకుంది? మిల్లు యజమాని మొలతాడుకు తాళాలు కట్టుకు తిరుగుతాడని 12వ పేజీలో నువ్వే రాశావు. ఆ ఇద్దరు వచ్చాక మార్చిన వెర్షన్‌లో పాట చోటు మారింది, పోరాటం చోటు మారింది, తాళం మాత్రం అలాగే ఉంది. ముగ్గురిలో ఎవరూ అడగలేదు. వాళ్లు అడగనందుకు తప్పు పట్టను. అది నువ్వు ఒక్కడివే ఉన్నప్పుడు ఆగవలసిన చోటు.

అట్లాగని ఒంటరితనాన్ని కూడా మరీ నెత్తికెక్కించుకోకు. 1982లో హషిమోతో ఒక సినిమా తీశాడు. కథ తనదే, స్క్రీన్‌ప్లే తనదే, దర్శకత్వం తనదే, కంపెనీ కూడా తనదే. కుక్కను చంపినవాడి మీద పగబట్టి పరుగులు తీసే అమ్మాయి కథ. ఘోరంగా పోయింది. ఆ తర్వాత ఆయన రాసినవి వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు. "హరాకిరి" లాంటి సినిమా రాసిన చేయి అది! ఆ గదిలో ఇంగ్లీషు పుస్తకం చదువుకుంటూ ఒక్క ఒగుని ఉండి ఉంటే అనిపిస్తుంది నాకు.

ఇంకొకటి చెప్పకుండా ఉండలేను. "కాజిల్ ఆఫ్ శాండ్" అని ఒక నవల ఆధారంగా తీసిన సినిమా 1974లో వచ్చింది. హషిమోతో, యోజి యమదా కలిసి 60ల మొదట్లోనే రాసిన స్క్రిప్టు. తీసే స్టూడియో లేక పన్నెండేళ్ల పైచిలుకు మూలన పడింది. కుష్ఠు రోగి తండ్రి, చిన్న కొడుకు ఊరొదిలి మంచులోనూ ఎండలోనూ బిచ్చమెత్తుకుంటూ తిరగడం నవలలో పెద్దగా లేదు, ఒకటి రెండు ముక్కల్లో దాటిపోతుంది. సినిమా చివరి భాగమంతా అదే. ఒకవైపు పోలీసులు కేసు విప్పుతుంటారు, ఒకవైపు పెద్దవాడైన ఆ కొడుకు వేదిక మీద పియానో వాయిస్తుంటాడు, మధ్యలో ఈ ఇద్దరూ నడుస్తుంటారు. నడకలో మాటలు దాదాపు లేవు. తలుపులు మూసుకునే ఊళ్లు, పిల్లవాణ్ణి తరిమే పిల్లలు, ఒక గిన్నెలో గంజి. నేను ఎన్నిసార్లు చూసినా ఆ గంజి దగ్గర ఆగిపోతాను.

స్క్రిప్టు కొరియర్‌లో తిప్పి పంపుతున్నాను. పెన్సిలు గీతలున్నాయి, కొన్ని నీకు కోపం తెప్పిస్తాయి. ఆ ఇద్దరినీ వెంటబెట్టుకుని ఆదివారం పదింటికి మా ఇంటికి రండి. వచ్చేలోపు నువ్వు మాత్రం ఒక్కడివే కూర్చుని 61వ పేజీ మళ్లీ రాయి. బల్ల మీద చోటు చేసి పెడతాను. నేను కిటికీ దగ్గర పేపరు చదువుకుంటూ ఉంటాను. రాసింది ఇటు అందించండి. భోజనం మా ఇంట్లోనే.

ఇట్లు,
మీ అన్నయ్య