కాంటరెల్ టోస్ట్‌లో మిసో ఎంత వెయ్యాలంటే

అమ్మడూ,

శనివారం మీ ఆఫీసు వాళ్లు ఆరుగురు భోజనానికి వస్తున్నారని, అందులో ఒకమ్మాయిది జపాన్ అని, చేప మాంసం లేకుండా మొదట పెట్టేది ఏదైనా చెప్పమని అడిగావు కదా. సెప్టెంబరులో స్వీడన్‌లో ఉన్నప్పుడు ఇంకో ఆలోచన ఎందుకు, కాంటరెల్ అనే అడవి పుట్టగొడుగులతో టోస్ట్ చెయ్యి. వెన్నలో వేయించిన పుట్టగొడుగులు కాల్చిన బ్రెడ్ మీద పెట్టివ్వడం ఇక్కడి వాళ్లందరికీ తెలిసిన రుచే, దాంట్లో కాస్త తెల్ల మిసో (జపాన్ వాళ్లు సోయా పులియబెట్టి చేసే ఉప్పటి ముద్ద) కలిపావంటే ఆ అమ్మాయికీ ఇంటి వంటలా ఉంటుంది.

పుట్టగొడుగులు అడవిలో ఎవరైనా కోసుకోవచ్చు, అలెమన్స్‌రెట్ అని అందరికీ ఉన్న హక్కు అది. కానీ తెలిసినవాళ్లు పక్కన లేకుండా నువ్వు కోసి వండొద్దు. పసుపు కాంటరెల్‌ను పోల్చుకోవడం కొంత సులువే, గొడుగు కింద మొద్దుగా ఉండే గీతలు కాడ మీదికి దిగి ఉంటాయి, చీలిస్తే లోపల పాలిపోయి ఉంటుంది, ఆప్రికాట్ వాసన వస్తుంది. నా భయమంతా తర్వాత వచ్చే గోధుమరంగు ట్రాట్‌కాంటరెల్ అనే రకం దగ్గరే. వాటి మధ్యలోనే యిఫ్ట్‌స్పిండ్లింగ్ అనే విషపుది మొలుస్తుంది, అది కిడ్నీలను పాడుచేస్తుంది, తిన్న కొన్ని రోజుల దాకా ఏమీ తెలియదు కూడా. ఈసారికి కొనుక్కో, 400 గ్రాములు చాలు.

వాటిని నీళ్లలో నానబెట్టకు, బ్రష్‌తో దులుపు. నేను మొదటి ఏడాది తోటకూర కడిగినట్టు గిన్నెలో వేసి కడిగాను, స్పాంజిలా నీళ్లు పీల్చుకుని వేగడానికి బదులు ఉడికిపోయాయి. వెడల్పాటి పెనం వేడిచేసి, నూనె వెన్న ఏదీ లేకుండా పుట్టగొడుగులు వెయ్యి. నీరు వదులుతాయి, కంగారుపడకు, అదంతా ఇగిరేదాకా ఆగు, అప్పుడు 40 గ్రాముల వెన్న, సన్నగా తరిగిన చిన్న ఉల్లిపాయ ఒకటి వేసి అంచులు ఎర్రబడేదాకా వేయించు.

ఇక మిసో. టీస్పూనున్నర, అంతకు మించి వద్దు. గోరువెచ్చని నీళ్లలో జారుగా కలిపి, స్టవ్ ఆపేశాక పొయ్యి, మరిగితే దాని వాసన పోతుంది. ఉప్పు దాంట్లోనే ఉంది, విడిగా వేస్తే చెడుతుంది. సోయా సాస్, నువ్వుల నూనె, వసాబి కూడా వేద్దామనిపిస్తుంది నీకు, వెయ్యకు. అవన్నీ కలిస్తే కాంటరెల్ ఎక్కడుందో వెతుక్కోవాలి, అంత డబ్బు పెట్టి కొన్నది దాని రుచి కోసమే కదా. చివర్లో నాలుగు చుక్కల నిమ్మరసం, పైన తరిగిన గ్రేస్‌లోక్ (సన్నటి ఉల్లికాడలాంటి ఆకు), అంతే.

డబ్బా వెనక తప్పకుండా చదువు. సోయా, బియ్యం, ఉప్పు, కోజి (పులియబెట్టే బూజు) ఉంటే మంచిది. దాషి అనే జపాన్ చారు కలిపిన మిసోలో సాధారణంగా బొనీటో అనే ఎండు చేప ఉంటుంది, మన కంటికి కనపడదు. పైన చీజ్ తురుముదామనుకుంటే దాని మీద లోపె (పాలు విరిచే పదార్థం) ఏ రకమో చూడు, దూడ కడుపులోంచి తీసింది కావచ్చు. నేనైతే చీజ్ వెయ్యను.

రై బ్రెడ్ ముక్కల్ని వెన్నలో రెండు వైపులా కాల్చు. క్నెక్కెబ్రోడ్ అనే కరకరలాడే పలచటి రొట్టె వద్దు, వేడి పుట్టగొడుగుల కింద మెత్తబడుతుంది. పక్కన అర చెంచా లింగన్ అనే పుల్లటి ఎర్ర పళ్లు పెట్టు. ఆ పళ్లను ఉడకబెట్టక్కర్లేదు, పంచదార వేసి అది కరిగేదాకా కలిపితే చాలు. వాటిలో సహజంగానే బెంజోయిక్ ఆమ్లం ఉంటుంది, అందుకే ఫ్రిజ్‌లో చాలాకాలం నిలవుంటాయి. వెన్న బరువును ఆ పులుపే తేలిక చేస్తుంది.

ఆ జపాన్ అమ్మాయికి ఒక మాట చెప్పు, సంతోషిస్తుంది. వాళ్లు ప్రాణంగా చూసుకునే మాత్సుతాకే పుట్టగొడుగు ఈ దేశపు ఉత్తరాన పైన్ అడవుల్లోనూ పెరుగుతుంది. యూరప్ శాస్త్రవేత్తలు దాని వాసన నచ్చక, వికారం పుట్టించేదనే అర్థం వచ్చేలా నౌసియోసమ్ అని పేరు పెట్టారు. తర్వాత డీఎన్‌ఏ చూస్తే ఇక్కడిదీ జపాన్‌దీ రెండూ ఒకటేనని తేలింది, మాత్సుతాకే పేరే నిలిచింది.

బ్రెడ్ ముందే కాల్చి పెట్టుకోకు, అందరూ కూర్చున్నాకే పెనం మీద వెయ్యి. శుక్రవారం రాత్రి ఒక్క ముక్కకు చేసి చూసి, ఉప్పు ఎలా కుదిరిందో నాకు ఫోన్ చేసి చెప్పు.

మీ పెద్దమ్మ