బాబు సింగపూర్‌కి ఆడాలంటే తెనాలి పొలం అమ్మాలా?

ప్రశ్న: మాది తెనాలి దగ్గర పల్లెటూరు. చాలా ఏళ్లుగా సింగపూర్‌లో ఉంటున్నాం. ఇంట్లో అందరికీ పీఆర్ (శాశ్వత నివాస హక్కు) ఉంది. బాబుకి పదిహేనేళ్లు, ప్రైమరీ స్కూల్ చివర రాసే పీఎస్ఎల్ఈ ఇక్కడే పాసయ్యాడు. బ్యాడ్మింటన్ బాగా ఆడతాడు. సింగపూర్ పాస్‌పోర్టు తీసుకుంటే ముందుముందు ఒలింపిక్స్ దాకా దారి ఉంటుందని కోచ్ అంటున్నారు. నా జీతం చేతికి 8,600 సింగపూర్ డాలర్లు వస్తుంది. ఇంటి ఖర్చు 5,400, బాబు ఆటకి 1,900. ఇకపై ఆటకి నెలకి 3,500 కావాలంటున్నారు. బ్యాంకులో 35,000 ఉంది. పాప పేరున 20,000 డిపాజిట్ వేశాం. ఊళ్లో నాన్నగారి ద్వారా వచ్చిన రెండెకరాలు అమ్మి ఐదేళ్లు నడిపించమంటారా? పాస్‌పోర్టు ఇంటిల్లిపాదీ తీసుకోవాలా, బాబుకి ఒక్కడికే చాలా?

జవాబు: మీరు రెండు ప్రశ్నల్ని కలిపి అడిగారండి. పాస్‌పోర్టు మారితే బాబుకి అవకాశాలు పెరుగుతాయి. ఆదాయం పెరుగుతుందని మాత్రం అనుకోకండి. అందుకే ముందు ఆ పాస్‌పోర్టుతో ఏమొస్తుందో చూద్దాం, పొలం సంగతి తర్వాత మాట్లాడుకుందాం.

ఒలింపిక్స్ సింగిల్స్‌లో ఒక దేశం నుంచి మామూలుగా ఒక్కరికే చోటు. ఇద్దరు వెళ్లాలంటే ఇద్దరూ ర్యాంకింగ్ జాబితాలో మొదటి 16 మందిలో ఉండాలి. మన దగ్గర ఆ పోటీ ఎలా ఉంటుందో చూశారుగా. 2024 పారిస్‌కి లక్ష్య సేన్, ప్రణయ్ వెళ్లారు. ఒకప్పుడు ప్రపంచ నంబర్ వన్ అయిన మన కిదాంబి శ్రీకాంత్ ఇంట్లో కూర్చుని చూడాల్సి వచ్చింది. సింగపూర్ లాంటి చిన్న దేశంలో ఆ వరుస చిన్నది. కోచ్ చెప్పింది అబద్ధం కాదు.

మీవాడికి దగ్గరి ఉదాహరణ లో కీన్ యూ. పుట్టింది మలేషియాలోని పెనాంగ్‌లో. చిన్నతనంలోనే స్కాలర్‌షిప్ మీద సింగపూర్ స్పోర్ట్స్ స్కూల్‌కి వచ్చాడు, అక్కడి పౌరుడయ్యాడు, సైనిక సేవ చేశాడు. 2019 థాయ్‌లాండ్ మాస్టర్స్ ఫైనల్లో చైనా దిగ్గజం లిన్ డాన్‌ని ఓడించాడు. 2021 డిసెంబర్‌లో స్పెయిన్‌లోని వెల్వాలో మన శ్రీకాంత్‌ని 21-15, 22-20తో ఓడించి ప్రపంచ చాంపియన్ అయ్యాడు. ఆ రాత్రి గుంటూరులో చాలామంది టీవీ కట్టేసి ఉంటారు. మీ లెక్కకి కావాల్సిన సంగతి వేరే ఉంది: ప్రపంచ చాంపియన్‌షిప్‌లో ప్రైజ్ మనీ ఉండదు. పతకం ఇస్తారు, ర్యాంకింగ్ పాయింట్లు ఇస్తారు, అంతే. ఆ తర్వాత డబ్బు రావాలంటే స్పాన్సర్లు రావాలి.

మరి ప్రైజ్ మనీ ఉన్న చోట ఎంత మిగులుతుంది? 2024లో లక్నోలో జరిగిన సయ్యద్ మోదీ టోర్నీ తీసుకోండి. అది సూపర్ 300 స్థాయి, అంటే ప్రపంచ టూర్‌లో కింది మెట్లలో ఒకటి. ప్రైజ్ మనీ మొత్తం 2,10,000 అమెరికా డాలర్లు. మహిళల టైటిల్ గెలిచిన సింధుకి వచ్చింది 15,750. క్వార్టర్స్‌లో ఓడినవాళ్లకి 1,260. ప్రీక్వార్టర్స్‌లో ఓడితే 735. తొలి రౌండ్‌లో ఓడితే సున్నా. సింగపూర్ నుంచి లక్నోకి టికెట్, ఐదు రాత్రుల హోటల్, తిండి కలిపి వెయ్యి అమెరికా డాలర్లు అనుకుందాం. బాబు సింగపూర్ పౌరుడైతే ఇండియాలో గెలిచిన డబ్బు మీద మన చట్టం ప్రకారం 20 శాతం పన్ను పడుతుంది, దానిపైన సెస్. ఖర్చులు చూపించి తగ్గించుకునే వీలు కూడా ఉండదు. అంటే క్వార్టర్స్ దాకా వెళ్తే 1,260లో చేతికొచ్చేది దాదాపు వెయ్యి. క్వార్టర్స్ ఆడితే టికెట్, హోటల్ గిట్టుబాటు అవుతాయి. కోచ్‌ని వెంట తీసుకెళ్తే అదీ లేదు. పైగా సూపర్ 300 మెయిన్ డ్రాలో (అసలు పోటీలో) చోటు దొరకడానికే మంచి ర్యాంకు కావాలి. ఆ కిందనున్న ఇంటర్నేషనల్ సిరీస్, ఫ్యూచర్ సిరీస్ టోర్నీలు పాయింట్ల కోసం ఆడేవే, డబ్బు కోసం కాదు.

మన దగ్గర ఒలింపిక్ పతకం తెస్తే ప్రభుత్వాలు స్థలం, నగదు, ఉద్యోగం ఇస్తాయి. సింధుకి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం డిప్యూటీ కలెక్టర్ పోస్టు ఇచ్చింది. సింగపూర్‌లో ఒలింపిక్ వ్యక్తిగత స్వర్ణానికి పది లక్షల సింగపూర్ డాలర్లు ఇస్తారు, అందులో 20 శాతం క్రీడా సంఘానికి పోతుంది. వినడానికి బాగుంటుంది కానీ, ఇంటి బడ్జెట్‌లో ఆ అంకెని రాసుకోకండి.

అందుకే ఈ ఖర్చుని పెట్టుబడిగా చూడొద్దు, చదువు ఫీజులా చూడండి. చదువుకి ఎంత పెట్టగలమో ముందే ఒక గీత గీసుకుంటాం కదా, దీనికీ అంతే. నెలకి 3,500 చొప్పున ఐదేళ్లంటే 2,10,000 సింగపూర్ డాలర్లు. రూపాయల్లో కోటీ ముప్పై లక్షల పైమాటే. నా సలహా, నెలకి 2,500 దాటొద్దు. ఇప్పుడున్న 1,900కి మీ మిగులులోంచి 600 కలపండి. ఇంకా 700 మిగులుతుంది, అది మీ అత్యవసర నిధికి. బ్యాంకులో ఉన్న 35,000 ఆరు నెలల ఇంటి ఖర్చుకి సరిపోతుంది, దాన్ని కదపొద్దు.

మరి వెయ్యి తక్కువైంది కదా అంటారు. ఆ వెయ్యి ఎక్కడ తగ్గుతుందో కోచ్‌తో కూర్చుని చూడండి. ఈ వయసులో యూరప్ టోర్నీలు అక్కర్లేదు. మలేషియా, ఇండోనేషియా, థాయ్‌లాండ్, వియత్నాంలో జూనియర్ టోర్నీలకి లోటు లేదు. జొహోర్‌కి బస్సులో పోయి రావచ్చు. ఇంట్లోవాళ్లు కనిపెట్టని ఇంకో ఖర్చు షటిల్స్. ఈకల షటిల్స్ డజను ఉన్న ట్యూబ్, గట్టి స్మాష్ కొట్టే పిల్లాడికి ఒక్కపూట వస్తే గొప్ప. నలుగురు పిల్లల తల్లిదండ్రులు కలిసి హోల్‌సేల్‌గా పెట్టె కొనుక్కోండి. ప్రాక్టీసుకి మ్యాచ్ షటిల్సే వాడాలని రూలేం లేదు.

మీరు ఐదేళ్లు అన్నారు. ఆ ఐదేళ్ల మధ్యలో నేషనల్ సర్వీస్ (తప్పనిసరి సైనిక సేవ) ఉందని మర్చిపోయినట్టున్నారు. మీతో పాటు పీఆర్ తీసుకున్న మగపిల్లాడు పౌరుడైనా కాకపోయినా పద్దెనిమిది దాటాక సుమారు రెండేళ్లు చేయాల్సిందే. చేయకుండా పీఆర్ వదిలేస్తే రేపు అక్కడ చదువుకి, ఉద్యోగానికి పెట్టే దరఖాస్తుల మీద దెబ్బ పడుతుంది. వాయిదా ఇచ్చేది ఈతగాడు జోసెఫ్ స్కూలింగ్ లాంటి ఏ కొద్దిమందికో. కాబట్టి డబ్బు లెక్క సర్వీసు మొదలయ్యేదాకా మాత్రమే వేసుకోండి. అప్పటికి చూడాల్సింది ఒక్కటే: క్రీడా సంఘం తన డబ్బుతో బాబుని టోర్నీలకి పంపుతోందా? పంపుతుంటే వాళ్లకి వాడి మీద నమ్మకం ఉన్నట్టు, కొనసాగించండి. టికెట్లన్నీ ఇంకా మీరే కొంటుంటే ఆటని డిగ్రీ పక్కన పెట్టుకుని ఆడనివ్వండి. కోచ్ మాట కన్నా, కప్పుల కన్నా నేను దీన్నే నమ్ముతాను.

ఇక పాస్‌పోర్టు. బాబుకి ఒక్కడికే ప్రయత్నించండి. పీఎస్ఎల్ఈ లాంటి జాతీయ పరీక్ష పాసై, మూడేళ్లకి పైగా అక్కడుంటూ, పీఆర్ వచ్చి ఏడాది దాటిన విద్యార్థి సొంతంగా దరఖాస్తు పెట్టుకోవచ్చు. మిమ్మల్ని ఎందుకు ఆగమంటున్నానంటే, మీ సీపీఎఫ్ (మన పీఎఫ్ లాంటి అక్కడి పొదుపు ఖాతా). పీఆర్‌గా ఉన్నవారు పీఆర్ వదులుకుని శాశ్వతంగా దేశం విడిచి వెళ్తే అందులోని డబ్బంతా తీసుకోవచ్చు. పౌరుడయ్యాక పౌరసత్వమే వదులుకుంటే తప్ప ఆ తలుపు తెరుచుకోదు. రిటైర్ అయ్యాక తెనాలి వెళ్లే ఆలోచన ఏమాత్రం ఉన్నా ఆ తలుపు తెరిచే ఉంచుకోండి. మీ భార్యాభర్తలు సింగపూర్‌లోనే స్థిరపడాలని తేల్చుకుంటే అది వేరే మాట, అప్పుడు కూడా కారణం బ్యాడ్మింటన్ కాకూడదు.

బాబు విషయంలో వెనక్కి రావడం తేలిక కాదని కూడా చెప్పాలి. ఇండియాలో, సింగపూర్‌లో రెండు చోట్లా ద్వంద్వ పౌరసత్వం లేదు. ఒక దేశానికి ఆడినవాడు ఒలింపిక్స్‌లో ఇంకో దేశానికి ఆడాలంటే మామూలుగా మూడేళ్లు ఆగాలి. ఇండోనేషియాకి 2000లో డబుల్స్ స్వర్ణం తెచ్చిన టోనీ గుణవాన్, 2005లో హోవర్డ్ బాక్‌తో కలిసి అమెరికాకి ప్రపంచ టైటిల్ గెలిచాడు. పౌరసత్వం రాక 2008 ఒలింపిక్స్ ఆడలేకపోయాడు. 2012లో లండన్‌లో ఆడేనాటికి వయసు 37. అంతటివాడికే కాగితాలు అంత టైం తీసుకున్నాయి. ఆట తర్వాత ఆయన కాలిఫోర్నియాలో కోచింగ్ ఇస్తున్నాడు. చాలామంది ఆటగాళ్లకి నికరంగా జీతంలా వచ్చేది ఆ పనే. కాబట్టి బాబు ఇప్పటి నుంచే కోచింగ్ సర్టిఫికెట్ల మీద ఓ కన్నేసి ఉంచితే నష్టం లేదు.

పొలం అమ్మొద్దు. ఎన్నారైగా మీరు, విదేశీ పౌరులైన భారత సంతతివారికిచ్చే ఓసీఐ కార్డు తీసుకున్నాక మీ అబ్బాయి, ఇద్దరూ ఇండియాలో వ్యవసాయ భూమి కొనలేరు. ఒకసారి పోతే మళ్లీ రాదు. వారసత్వంగా అయితే బాబుకి రావచ్చు, గిఫ్ట్‌గా ఇవ్వడం కుదరదు. కాబట్టి పాస్‌పోర్టు దరఖాస్తు పెట్టేలోగా వీలునామా రాయించండి, అందులో పాప వాటా స్పష్టంగా ఉండాలి. పాప పేరున ఉన్న ఆ 20,000 డిపాజిట్‌ని, ఏ టోర్నీ ఎంత ముఖ్యమైనా, ముట్టుకోకండి.