మే నెల గుంటూరు పెళ్లి: ఫోన్ లైవ్ మధ్యలో ఎందుకు ఆగిపోతోంది?

ఫోన్‌ను స్టాండుకు బిగించి యూట్యూబ్ లైవ్ పెడితే, నెట్ బాగున్నా అరగంటకే స్క్రీన్ మసకబారి వీడియో ఆగిపోతోందంటే, చాలావరకు కారణం వేడే. కెమెరా, ఎన్‌కోడింగ్ (వీడియోను పంపడానికి వీలుగా కుదించడం), డేటా, పైగా ఛార్జింగ్ అన్నీ ఒకేసారి నడుస్తుంటాయి. తనను తాను కాపాడుకోవడానికి ఫోన్ ముందు వెలుతురు, ప్రాసెసర్ వేగం తగ్గిస్తుంది, చివరికి కెమెరానే ఆపేస్తుంది.

పౌచ్ తీసేయండి. బ్యాటరీ ముందే నింపి, ఫాస్ట్ ఛార్జింగ్ మానండి. వీడియో క్వాలిటీ 1080పి బదులు, అంతకంటే తక్కువైన 720పి చాలు, బంధువులు చూసేదీ ఎక్కువగా ఫోన్లలోనే కదా. ఫ్యాన్ గాలి ఫోన్ వెనక భాగానికి తగలాలి, మైకుకు తగిలితే మంత్రాలు వినపడవు. ఫ్రిజ్‌లో మాత్రం పెట్టొద్దు, లోపల తేమ పడుతుంది.

ఇంకొకటి, సరిగ్గా జీలకర్ర-బెల్లం వేళకే కాల్ వచ్చి లైవ్ తెగొచ్చు. ఏరోప్లేన్ మోడ్‌లో పెట్టి, మరో ఫోన్ హాట్‌స్పాట్‌కు కలపండి. వాట్సాప్ కాల్స్ అడ్డు రాకుండా డూ నాట్ డిస్టర్బ్ కూడా ఆన్ చేయండి.