ఫుడ్ అలెర్జీ సంస్థలకు ఇచ్చే విరాళం ఎటు పోతుంది?

భీమవరం నుంచి ఒకరు అడిగారు: "మా బాబుకి రొయ్యలు పడవు. అమెరికాలో ఫుడ్ అలెర్జీల కోసం స్వచ్ఛంద సంస్థలున్నాయట. ఆ డబ్బుతో ఏం చేస్తారండి? మనకేమైనా ఉపయోగమా?"

ఉపయోగమేనండి. అందులో ఒకటి పరిశోధన. 2012లో అక్కడి రెండు పాత సంస్థలు కలిసి 'ఫేర్' (ఫుడ్ అలెర్జీ రీసెర్చ్ అండ్ ఎడ్యుకేషన్) అనే స్వచ్ఛంద సంస్థ ఏర్పడింది. లండన్‌లో జరిగిన లీప్ అధ్యయనానికి ప్రభుత్వ నిధులతో పాటు ఇదీ సాయం చేసింది. అలెర్జీ ముప్పున్న 640 మంది పసిపిల్లల్లో సగం మందికి ఏడాది నిండకముందే వేరుశనగ తినిపించడం మొదలెట్టారు. ఐదేళ్ల వయసుకి, తినని మిగతా సగం కంటే వాళ్లలో ఆ అలెర్జీ దాదాపు 80 శాతం తక్కువ. ఫలితాలు 2015లో వచ్చాయి. అంతకుముందు "అసలు పెట్టొద్దు" అనేవారు! (ఇప్పటికే పడని పిల్లల మీద ఇంట్లో ఈ ప్రయోగం చేయకండి.)

ఇంకోటి చట్టాల కోసం పోరాటం. అమెరికాలో 2023 నుంచి నువ్వుల పేరు కూడా లేబుల్ మీద ఉండాల్సిందే. మన దగ్గరా ప్యాకెట్ మీద రొయ్య, పీత జాతి ఉంటే చెప్పాలని ఎఫ్‌ఎస్‌ఎస్‌ఏఐ (కేంద్ర ఆహార భద్రతా సంస్థ) నిబంధన ఉంది.

కానీ మన గోదావరి జిల్లాల పెళ్లి భోజనాలకు లేబుల్ ఎక్కడిది? గోంగూరలో రొయ్యపొట్టు కనిపించదు, రొయ్యల ఇగురులో పెట్టిన గరిటే పప్పులోకీ వస్తుంది. మా మేనల్లుడికి అలాగే పది నిమిషాల్లో పెదాలు ఉబ్బిపోయాయి. "బాగా ఉడికిందిలే" అన్నారు పెద్దలు. రొయ్యల్లో పడని ప్రోటీన్ ట్రోపోమయోసిన్ ఉడికించినా పోదు.