క్యారియర్ పట్టుకుని బస్సు కోసం

ప్రశ్న: మా అబ్బాయి ఫిల్మ్ కోర్సు చదువుతున్నాడు. వాడు చూడమన్నాడని మణి కౌల్ తీసిన ‘ఉస్‌కీ రోటీ’ పెట్టుకున్నాను. అరగంటైనా ఏమీ జరగలేదు, ఆవిడ బస్సు కోసం నిలబడే ఉంది. ఆపేశాను. ఎవరీయన? అందులో అంత గొప్పేముంది?
– ఒక పాఠకురాలు, నంద్యాల

జవాబు: ఆ నిలబడడమేనమ్మా సినిమా.

మా నాన్న ఆర్టీసీ డ్రైవరు. ఆయన బస్సు మా ఊరి మీదుగా వెళ్లే రోజు అమ్మ క్యారియర్ నా చేతికిచ్చి రోడ్డు మీదికి పంపేది. బస్సు ఆగేది రెండు నిమిషాలే కాబట్టి చాలా ముందే వెళ్లాలి. దూరంగా దుమ్ము లేస్తే గబుక్కున లేచేవాణ్ణి. తీరా చూస్తే లారీ. మళ్లీ కూర్చునేవాణ్ణి. చారు చల్లారిపోయిందేమోనని అడుగు గిన్నెకు మాటిమాటికీ చెయ్యి ఆనించి చూసేవాణ్ణి. ఆ గంటసేపటిని మామూలు సినిమా ఒక్క కట్‌తో దాటేస్తుంది. మణి కౌల్ దాటలేదు. మోహన్ రాకేశ్ రాసిన హిందీ కథ అది. పంజాబ్‌లో బాలో మొగుడు సుచ్చాసింగ్ కూడా బస్సు డ్రైవరే. రొట్టెలు తెచ్చేసరికి ఆలస్యమైంది, కోప్పడతాడని భయం. ఆ భయంతోనే నిలబడి ఉంటుంది.

కెమెరా కె.కె. మహాజన్‌ది. ముఖ్యంగా రెండే లెన్సులు వాడారు: 28 ఎం.ఎం., 135 ఎం.ఎం. మొదటిదాంట్లో దగ్గరిదీ దూరందీ అంతా స్పష్టంగా కనిపిస్తుంది. రెండోదాంట్లో ఒక ముఖమో చెయ్యో తప్ప మిగతాదంతా అలుక్కుపోతుంది. మొదట్లో ఎదురుచూపుకు 28, ఆమె ఊహలకు 135. పోనుపోను మణి కౌల్ ఆ లెక్కను తారుమారు చేశాడు. ఏది జరుగుతోందో, ఏది ఆమె అనుకుంటోందో తేలదు. మీకు కథ కదలనట్టు అనిపించడానికి ఇదీ ఒక కారణం కావచ్చు. నటులు ఏడవరు, అరవరు, మాటలు కూడా ఒకే స్థాయిలో పలుకుతారు. అది చేతకాకపోవడం కాదు, ఫ్రెంచ్ దర్శకుడు బ్రెస్సాఁ దారి. మణి కౌల్‌కి ఆయనంటే ప్రాణం.

1969లో ఈ సినిమా తీసేనాటికి మణి కౌల్‌కు పాతికేళ్లు కూడా సరిగ్గా నిండలేదు. పుట్టింది జోధ్‌పూర్‌లో. పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో బెంగాలీ దర్శకుడు ఋత్విక్ ఘటక్ దగ్గర చదువుకున్నాడు. తర్వాత రుద్రవీణ విద్వాంసుడు జియా మొహియుద్దీన్ డాగర్ దగ్గర ధ్రుపద్ అనే పాతకాలపు హిందుస్తానీ సంగీత పద్ధతి నేర్చుకుని, 1982లో ధ్రుపద్ మీదే సినిమా తీశాడు. ఆలాపనలో రాగం తొందరపడకుండా విచ్చుకున్నట్టే ఆయన షాట్ కూడా విచ్చుకుంటుంది. ఈ పోలిక నాకు చాలా ఇష్టం. 2011లో పోయాడు.

మీరు ముందు 1973 నాటి ‘దువిధా’ చూడండి. విజయదాన్ దేథా రాసిన రాజస్థానీ కథ. పెళ్లికూతురి మీద మనసుపడ్డ దెయ్యం ఆమె మొగుడి రూపంలో ఇంటికొస్తుంది. షారుఖ్ ఖాన్ ‘పహేలీ’ చూసి ఉంటే కథ తెలిసిందే కాబట్టి, ‘ఏం జరుగుతుంది’ అన్న టెన్షన్ ఉండదు. రంగుల్నీ ముఖాల్నీ తీరిగ్గా చూడొచ్చు.

ఆ తర్వాత ఓ రాత్రి ఫోను పక్కన పెట్టి, మీ అబ్బాయిని కూర్చోబెట్టుకుని ‘ఉస్‌కీ రోటీ’ మళ్లీ మొదటినుంచి పెట్టండి. ఈసారి బస్సు కోసం కాకుండా బాలో చేతుల్ని చూడండి. ఏమనిపించిందో నాకు తప్పకుండా రాయండి.